హట్టిన్‌లో ఓడింది ఒక్క యుద్ధం, పోయింది రాజ్యమంతా: ఎందుకలా?

మీరు అడిగినది ఇది: "1187 జులైలో గలిలయలోని హట్టిన్ దగ్గర క్రైస్తవుల సైన్యం ఈజిప్టు, సిరియాల సుల్తాను సలాదీన్ చేతిలో ఓడిపోయింది. మూడు నెలలు తిరక్కుండానే యెరూషలేముతో సహా వాళ్ల రాజ్యం దాదాపు అంతా పోయింది. అంతంత కోటలు పెట్టుకుని ఎలా పోగొట్టుకున్నారు? అసలు అది మతయుద్ధమేనా, సినిమాల్లో అలా చూపిస్తారా?"

నేను పాతికేళ్లు డిగ్రీ పిల్లలకు మధ్యయుగ చరిత్ర చెప్పాను. ప్రతి బ్యాచ్‌లోనూ ఎవరో ఒకరు ఈ ప్రశ్న వేసేవారు. మొదటిదానికి జవాబు ఒక్క ముక్కలో చెప్పచ్చు. ఆ కోటలకు కాపలా ఉండాల్సిన మనుషులూ, హట్టిన్ కొండ మీద చచ్చినవాళ్లూ ఒక్కరే. ఇల్లంతా తాళాలు వేసి, తాళంచెవులన్నీ ఒకే గుత్తికి కట్టి, ఆ గుత్తి నూతిలో పడేసుకున్నట్టయింది. రెండో ప్రశ్నకు జవాబు ఇంత తేలిక కాదు, చివర్లో వస్తాను.

ముందు ఆ రాజ్యం ఎలాంటిదో చూడాలి. యెరూషలేమును ముస్లింల చేతి నుంచి విడిపించమని 1095లో పోప్ రెండో అర్బన్ పిలుపు ఇస్తే (క్రూసేడ్లు మొదలైంది ఇక్కడే) పశ్చిమ ఐరోపా నుంచి బయల్దేరినవాళ్లు 1099 జులై 15న యెరూషలేమును పట్టుకున్నారు, ఊళ్లో రక్తం పారించారు. మొక్కు తీరిందని వాళ్లలో ఎక్కువమంది ఇళ్లకు వెళ్లిపోయారు. మిగిలినవాళ్లు నాలుగు రాజ్యాలు పెట్టుకున్నారు: యెరూషలేము, ట్రిపోలి, అంతియొకయ, ఎదెస్సా. చివరిది 1144లోనే జెంగీ అనే తురుష్క సేనాని చేతిలో పోయింది. మిగిలిన మూడూ సముద్రం ఒడ్డున సన్నటి పట్టీలాంటి భూమి. యొప్పే, అక్కో, తూరు, సీదోను, బేరూతు లాంటి రేవులు వాళ్లవి. లోపలి దమస్కు, హలబ్ (అలెప్పో) లాంటి పెద్ద పట్టణాలు ఎప్పుడూ వాళ్లవి కాలేదు. (ఊళ్ల పేర్లు వీలైనంతవరకు తెలుగు బైబిల్లో ఉన్నట్టే రాస్తున్నాను, చాలామందికి అలవాటైన పేర్లు కదా.)

యెరూషలేము రాజు పిలిస్తే రావలసిన నైట్లు (కవచం తొడిగి గుర్రం మీద పోరాడే యోధులు) ఎంతమందో ఒక పాత జాబితాలో ఉంది. 675 మంది చిల్లర. అంతే! మన పక్క ఒక మాదిరి పెళ్లికి అంతకంటే ఎక్కువమంది భోజనానికి కూర్చుంటారు. దీనికి టెంప్లర్లు, హాస్పిటలర్లు అనే రెండు సైనిక సన్యాసి సంఘాల వాళ్లను కలపాలి. సన్యాసం పుచ్చుకుని కత్తి పట్టిన మనుషులు వాళ్లు, పెళ్లీ ఆస్తీ ఉండవు, యుద్ధమే వృత్తి. ఆపైన ట్రిపోలి, అంతియొకయల సాయం, పట్టణాలూ చర్చిలూ పంపే కాలిబంట్లు, కూలికి తెచ్చుకున్న స్థానిక గుర్రపు విలుకాళ్లు. అన్నీ ఊడ్చి పోగేస్తే 1187లో తేలినది దాదాపు 1,200 మంది నైట్లు, మొత్తం ఇరవై వేలకు కాస్త అటూ ఇటూ అని చరిత్రకారుల అంచనా. ఊడ్చి అని ఊరికే అనలేదు. ఆ ఏడాది కోటల్లో, పట్టణాల్లో కాపలావాళ్లను నిజంగానే ఊడ్చి తెచ్చారు.

కోట అనగానే మనకు గోల్కొండ గుర్తొస్తుంది, లోపల వేలమంది ఉంటారనుకుంటాం. అక్కడి కోటల పని వేరు. కోట అంటే నీళ్లు, గింజలు, గుర్రానికి గడ్డి దాచిపెట్టిన చోటు. శత్రువు వస్తే కొద్దిమంది తలుపులు మూసుకుని కొన్ని వారాలు నిలబడతారు. ఈలోగా రాజు పెద్ద సైన్యంతో వచ్చి దగ్గర్లో దిగుతాడు. కోట చుట్టూ ముట్టడి వేసి కూర్చున్న సైన్యానికి వెనక నుంచి ఇంకో సైన్యం కనబడితే టెన్షన్ మామూలుగా ఉండదు, మూటాముల్లె సర్దుకుని పోవాల్సిందే. కోట, విడిపించడానికి వచ్చే సైన్యం అనే ఈ రెండూ కలిస్తేనే లెక్క కుదురుతుంది. సైన్యం రాదని తెలిసిన రోజున కోట గోడ ఎంత మందం ఉన్నా లోపలివాళ్లు బేరానికి దిగుతారు.

ఇక ఎదుటి పక్షం. ముస్లిం రాజుల సైన్యానికి ప్రాణం తురుష్క గుర్రపు విలుకాళ్లు. తేలిక గుర్రం, చిన్న విల్లు. దూసుకొచ్చి బాణాలు కురిపించి వెనక్కి తిరుగుతారు, తిరిగి పారిపోతూ కూడా వెనక్కి కొడతారు. రెచ్చిపోయి తరిమితే వరస చెదురుతుంది, చెదిరినవాళ్లను చుట్టుముడతారు. ఐరోపా నైట్ ఇందుకు పూర్తిగా వేరు. ఇనుప వలయాలు అల్లిన కవచం తొడుక్కుని, పెద్ద గుర్రం మీద బరువైన ఈటె పట్టుకుని, అందరూ ఒకే గోడలా ఒక్కసారి దూకుతారు. ఆ దూకుడు తగిలితే ఎవరూ ఆగలేరు. తగలాలి మరి. ఎదుటివాడు పక్కకు తప్పుకుంటే గాలిని గుద్దినట్టే. పైగా బాణం కవచం దాటి మనిషిని చంపడం అరుదు కానీ గుర్రాన్ని పడేస్తుంది. గుర్రం పడిందంటే నైట్ కూడా మరో కాలిబంటే.

కాబట్టి ఫ్రాంకులు చేయాల్సిందల్లా ఓపిక పట్టడం. కాలిబంట్లు డాళ్లతో, అడ్డవిల్లులతో బయట గోడకట్టి నిలబడాలి, నైట్లు లోపల గుర్రాలను కాపాడుకోవాలి, సరైన క్షణం వచ్చేదాకా ఎవరూ కదలకూడదు. ఫ్రాంకులు అన్నాను కదా, అక్కడి ముస్లింలు ఈ పశ్చిమ ఐరోపా వాళ్లందరినీ ఆ పేరుతోనే పిలిచేవారు. అరబ్బీలో ఇఫ్రంజ్. అదే పారసీకం మీదుగా మన దాకా వచ్చి పరంగి అయింది, ఫిరంగి అయింది. మన కోట బురుజు మీది ఫిరంగి పేరులో ఈ మనుషులే ఉన్నారు.

ఇంకో సంగతి. ఇక్కడ ఓరుగల్లులో కాకతీయ రుద్రదేవుడు ఏలుతున్న రోజులవి. కాస్త తర్వాత, 1191, 1192ల్లో ఉత్తరాన తరైన్ దగ్గర మహమ్మద్ ఘోరీ, పృథ్వీరాజ్ చౌహాన్ తలపడ్డారు. రెండో తరైన్‌లో రాజపుత్రులను అలసగొట్టినవాళ్లు ఇదే రకం గుర్రపు విలుకాళ్లు. సలాదీన్ ఎత్తుగడ అర్థమైతే తరైన్ కూడా సగం అర్థమవుతుంది.

ఇప్పుడు 1183కి రండి. హట్టిన్ గురించి రాసేవాళ్లు చాలామంది ఈ ఏడాదిని రెండు వాక్యాల్లో దాటేస్తారు. నా దృష్టిలో అసలు కథ ఇక్కడే మొదలైంది. అప్పటి రాజు నాలుగో బాల్డ్విన్ కుష్ఠురోగి. పదహారేళ్ల వయసులో, 1177లో, మోంట్‌గిసార్ దగ్గర సలాదీన్‌నే పరిగెత్తించిన కుర్రాడు. 1183 నాటికి రోగం ముదిరి కళ్లు కనబడటం కూడా కష్టమైంది. అక్క సిబిల్లా మొగుడు గై ద లుసిన్యాన్‌ను తన బదులు పాలకుడిగా పెట్టాడు. ఆ శరత్కాలంలో సలాదీన్ గలిలయలోకి చొరబడ్డాడు. గై పెద్ద సైన్యంతో వెళ్లాడు, 1,300 మంది నైట్లు, 15,000కు పైగా కాలిబంట్లు అని ఆ కాలపు తూరు ఆర్చిబిషప్ విలియం రాశాడు. వెళ్లి, నీటి ఊటల దగ్గర దిగి, కదలకుండా కూర్చున్నాడు. సలాదీన్ ఎంత కవ్వించినా యుద్ధానికి దిగలేదు. వారం తిరిగేసరికి సలాదీన్‌కు తిండి సరఫరా కష్టమై వెనక్కి పోయాడు.

సైన్యం పోలేదు, పెద్ద కోటేదీ పోలేదు. పాఠ్యపుస్తకంలో పెట్టాల్సినంత మంచి పని. కానీ ఊళ్లోకి వచ్చాక గైకి దక్కింది ఏమిటి? పిరికివాడన్నారు. అంత పెద్ద సైన్యాన్ని పెట్టుకుని చేతులు ముడుచుకు కూర్చున్నాడన్నారు. పొలాలు, పల్లెలు కాలిపోతుంటే చూస్తూ ఊరుకున్నాడన్నారు. పదవి ఊడింది. మొండితనం, వేరే తగాదాలు కూడా కలిశాయి కానీ దెబ్బ తగిలింది ఇక్కడే. ఆ మనిషి ఆ పాఠాన్ని ఎలా నేర్చుకుని ఉంటాడో మీరే ఊహించండి.

బాల్డ్విన్ 1185లో పోయాడు. సిబిల్లా మొదటి పెళ్లి కొడుకు, చిన్న పిల్లాడు, రాజై ఏడాదికే పోయాడు. 1186లో సిబిల్లా రాణి అయింది, కిరీటం తీసి గై నెత్తిన పెట్టింది. ఇది గిట్టనివాళ్లలో పెద్దవాడు ట్రిపోలి ప్రభువు రేమండ్. భార్య ఎషీవా తరఫున గలిలయ, తిబెరియ కూడా ఆయనవే. గై తన మీదికి సైన్యంతో వస్తాడనే భయంతో ఈయన ఏం చేశాడంటే సలాదీన్‌తో విడిగా సంధి చేసుకున్నాడు. ఇంట్లో తగువుకు ఊరి కరణాన్ని పిలిచినట్టు.

ఇంకో పక్క కెరక్ కోటలో రేనాల్డ్ ద షాటియాన్. మృతసముద్రం తూర్పున, కైరో నుంచి దమస్కుకు పోయే బిడారు దారి మీద కూర్చున్నాడు. నాలుగేళ్ల ముందు ఎర్రసముద్రంలో ఓడలు దింపి హజ్ యాత్రికుల దారిలోనే దోపిడీ చేయించిన ఘనుడు. 1186-87 చలికాలంలో, సంధి నడుస్తుండగానే, ఒక పెద్ద బిడారును కొల్లగొట్టాడు. సలాదీన్ సొమ్ము తిరిగివ్వమన్నాడు. ఇవ్వమని గై కూడా చెప్పాడు. నా భూమికి నేనే రాజునన్నాడు రేనాల్డ్. సినిమాల్లో ఇతన్ని ఉన్మాదిగా చూపిస్తారు. నాకైతే అలా అనిపించదు. సలాదీన్‌కు ఈజిప్టుకూ సిరియాకూ మధ్య నరం ఎక్కడుందో రేనాల్డ్‌కు బాగా తెలుసు, దాన్నే నొక్కాడు. తెలివైనవాడే, తన తెలివికి ఊరంతా లెక్క కట్టాల్సి వస్తుందని పట్టించుకోనివాడు.

1187 మే 1న రేమండ్ తన సంధి ప్రకారం సలాదీన్ దళం ఒకటి తన గలిలయ భూమి గుండా పోయిరావడానికి ఒప్పుకున్నాడు. టెంప్లర్ల పెద్ద గెరార్డ్ ద రిడ్‌ఫోర్ ఆ సంగతి విని, నూటముప్పై మంది దాకా నైట్లను పోగేసి, క్రెస్సన్ ఊట దగ్గర వేలమంది మీదికి దూకాడు. వద్దన్న హాస్పిటలర్ల పెద్ద చచ్చిపోయాడు, దూకుదామన్న గెరార్డ్ ఒకరిద్దరితో బతికి బయటపడ్డాడు. దాంతో రేమండ్ సిగ్గుపడి గైతో రాజీకి వచ్చాడు, సంధి తెంచుకున్నాడు. కానీ ద్రోహి అన్న ముద్ర మాత్రం పోలేదు. ఆ ముద్రే రెండు నెలల తర్వాత అందరి కొంపా ముంచింది.

సలాదీన్ పరిస్థితి మాత్రం మహా బాగుందా? ఆయన సైన్యంలో ఎక్కువమంది ఇక్తాదార్లు. ఇక్తా మాట మన ఢిల్లీ సుల్తానుల పాఠంలోనూ వస్తుంది, జాగీరు లాంటిది. వాళ్లు ఒక సీజన్ కోసం వస్తారు, పంట లెక్కలు చూసుకోడానికి ఇంటికి పోవాలంటారు. పైగా 1174 నుంచి ఈయన కత్తి ఎక్కువగా దూసింది సాటి ముస్లిం రాజుల మీదే. హలబ్ 1183లో, మోసుల్ 1186లో దారికొచ్చాయి. జిహాద్ పేరుతో అందరినీ కలిపావు, మరి జిహాద్ ఎక్కడ అని అడిగేవాళ్లు ఎక్కువయ్యారు. దాదాపు ముప్పై వేల సైన్యం పోగైన ఈ ఒక్క ఎండాకాలంలో ఫ్రాంకులను నీళ్ల దగ్గర నుంచి లాగి యుద్ధానికి దింపకపోతే మళ్లీ ఇంత సైన్యం కూడుతుందన్న నమ్మకం లేదు.

లాగడానికి ఎర వేశాడు. ఫ్రాంకుల సైన్యం నజరేతు పక్కన సఫ్ఫూరియా ఊటల దగ్గర దిగి ఉంది. నీళ్లకు కొదవ లేని చోటు. సలాదీన్ జూన్ చివర యొర్దాను దాటి, కొండ మీద మకాం వేసి, జులై 2న తిబెరియ పట్టణం మీద పడ్డాడు. పట్టణం గంటల్లో పోయింది. రేమండ్ భార్య ఎషీవా లోపలి కోటలో తలుపు వేసుకుని కబురు పంపింది.

ఆ రాత్రి సఫ్ఫూరియాలో జరిగిన సభ ఈ చరిత్రలో నాకు అన్నిటికంటే ఆసక్తికరమైన ఘట్టం. పోదాం, ఆడమనిషి ఆపదలో ఉంది అని అందరూ లేస్తే, వద్దన్నది ఎవరనుకున్నారు? ఆమె మొగుడు. తిబెరియ నాది, అక్కడున్న భార్య నాది, పోతే నాకే పోతుంది, తర్వాత విడిపించుకుంటాను, ఈ ఎండలో నీళ్లు లేని దారిన సైన్యాన్ని తీసుకుపోతే రాజ్యమే పోతుంది అన్నాడు రేమండ్. గై ఒప్పుకున్నాడు. అందరూ పడుకోడానికి వెళ్లాక గెరార్డ్ ఒంటరిగా రాజు డేరాలోకి వెళ్లి, ద్రోహి మాట వింటున్నావా, 1183లో నీకు పట్టిన గతి మరిచిపోయావా అన్న ధోరణిలో నూరిపోశాడట. ఇంకో మెలిక కూడా ఉంది. ఇంగ్లండ్ రాజు రెండో హెన్రీ పాప పరిహారంగా పంపిన డబ్బు ఏళ్లుగా టెంప్లర్లు, హాస్పిటలర్ల దగ్గర జమై ఉంది. గెరార్డ్ తన దగ్గరున్నది గై చేతిలో పెట్టాడు, ఆ డబ్బుతోనే కూలి సైనికులను తెచ్చారు. హెన్రీ డబ్బు ఖర్చుపెట్టి మళ్లీ కూర్చుని వచ్చామంటే ఎవరికి సమాధానం చెప్పగలడు గై?

తెల్లవారుజామున బయల్దేరమని ఆజ్ఞ వచ్చింది. ఇతన్ని మూర్ఖుడనడం చాలా తేలిక. నాలుగేళ్ల ముందు సరైన పని చేసి పదవి పోగొట్టుకున్నవాడు ఈసారి అందరూ మెచ్చే పని చేశాడు, అంతే తేడా.

సఫ్ఫూరియా నుంచి తిబెరియకు పాతిక కిలోమీటర్ల పైచిలుకు. మామూలు రోజున ఒక పగటి నడక. జులై 3 మామూలు రోజు కాదు. పది కిలోమీటర్ల దగ్గర తురాన్ ఊట ఉంది కానీ ఇరవై వేలమందికీ గుర్రాలకూ చాలేది కాదు. అక్కడ ఆగకుండా గై ముందుకు సాగాడు. సాగగానే సలాదీన్ సైన్యం పక్కల నుంచి చుట్టూ తిరిగివచ్చి ఆ ఊటను, వెనక్కి పోయే దారిని మూసేసింది. ఇక ముందు నీళ్లు లేవు, వెనక నీళ్లు లేవు. వెనక నడిచే టెంప్లర్ల మీద బాణాలు ఆగకుండా పడుతున్నాయి. వెనకవాళ్లు ఆగితే ముందువాళ్లు ఆగాలి, లేకపోతే వరస తెగుతుంది. మధ్యాహ్నానికి నడక నత్తనడకైంది. మస్కనా అనే చోట, నీళ్లు లేని మెట్ట మీద, రాత్రికి దిగారు.

ఎదుటి శిబిరానికి మాత్రం సరస్సు నుంచి ఒంటెల మీద నీళ్ల తిత్తులు వస్తూనే ఉన్నాయి. ఆ రాత్రి నాలుగు వందల మోపుల బాణాలు పంచారని, మర్నాడు యుద్ధం మధ్యలో అయిపోయినవాళ్లకు ఇవ్వడానికి డెబ్బై ఒంటెలను సిద్ధంగా నిలబెట్టారని సలాదీన్ కార్యదర్శి ఇమాదుద్దీన్ రాశాడు. ఆయన స్వయంగా అక్కడున్న మనిషి, అలంకారాలు కాస్త ఎక్కువే కానీ ఈ లెక్క నమ్మచ్చు. గుర్రపు విలుకాడి దగ్గర బాణాలు అయిపోతే వాడికి పని లేదు. గెలుపు ఒంటెల మీద వచ్చిందంటే అతిశయోక్తి కాదు.

జులై 4 పొద్దున మళ్లీ నడక. ఎండిన గడ్డికి నిప్పు పెట్టారు, పొగ ఫ్రాంకుల ముఖాన కొట్టింది. నోరు ఎండి, కళ్లు మండి, కాలిబంట్లు ఇక రాజు మాట వినలేదు. గుంపుగా పక్కనున్న కొండెక్కారు. అది చల్లారిన పాత అగ్నిపర్వతం, రెండు కొనలతో ఎద్దు కొమ్ముల్లా ఉంటుంది, అందుకే హట్టిన్ కొమ్ములంటారు. అక్కడి నుంచి చూస్తే కింద అయిదు వందల మీటర్ల లోతున, ఆరేడు కిలోమీటర్ల దూరంలో, గలిలయ సముద్రం నీలంగా కనబడుతుంది. మంచినీళ్ల సరస్సు. అంత నీళ్లు కళ్లముందు పెట్టుకుని దాహంతో చచ్చారు.

కాలిబంట్లు కొండెక్కడంతో గుర్రాలకు గోడ పోయింది. నేను పైన చెప్పిన ఏర్పాటంతా అక్కడితో కుప్పకూలింది. రేమండ్ తన నైట్లతో దూకాడు. ఎదురుగా ఉన్న సలాదీన్ అన్నకొడుకు తకీయుద్దీన్ వరసను రెండుగా చీల్చి దారి ఇచ్చాడు, వాళ్లు అందులోంచి దూసుకుపోగానే మళ్లీ మూసేశాడు. రేమండ్ వెనక్కి రాలేకపోయాడు, పారిపోయాడు. ద్రోహి అన్న పేరు ఇక శాశ్వతమైంది, కొద్ది నెలలకే ఆయనా పోయాడు. మిగిలిన నైట్లు కొండ పైనుంచి రెండుసార్లు సలాదీన్ ఉన్న చోటికే గురిపెట్టి దూకారు. సలాదీన్ కొడుకు అల్‌అఫ్దల్, అప్పటికి కుర్రాడు, ఈ దృశ్యం తర్వాత చెబితే ఆ కాలపు చరిత్రకారుడు ఇబ్న్ అల్‌అథీర్ రాసిపెట్టాడు. ఫ్రాంకులు వెనక్కి తగ్గిన ప్రతిసారీ కుర్రాడు గెలిచాం అని అరిచాడట. ఊరుకో, రాజు డేరా పడేదాకా మనం గెలిచినట్టు కాదు అన్నాడట తండ్రి. ఆ మాట నోట్లో ఉండగానే కొండ మీద ఎర్ర డేరా కూలింది. సలాదీన్ గుర్రం దిగి నేలకు నుదురు తాకించి ఏడ్చాడు.

యేసును వేసిన సిలువలోదని వాళ్లు నమ్మి యుద్ధానికి మోసుకెళ్లే సిలువ ముక్క కూడా ఆ రోజే పోయింది. రాజును, రేనాల్డ్‌ను డేరాకు తెచ్చారు. సలాదీన్ గైకి మంచు వేసిన చల్లటి నీళ్లు ఇచ్చాడు. గై తాగి గిన్నె రేనాల్డ్‌కు అందించాడు. తిండో నీళ్లో పెట్టిన బందీని చంపకూడదన్నది అక్కడి ఆచారం. ఇతనికి నేనివ్వలేదు అని సలాదీన్ స్పష్టంగా చెప్పి, కాసేపటికి తన చేత్తోనే రేనాల్డ్‌ను కత్తితో నరికాడు. రెండు రోజుల తర్వాత పట్టుబడిన టెంప్లర్లు, హాస్పిటలర్లను దాదాపు రెండు వందల మందిని చంపించాడు. వాళ్లు డబ్బు కట్టి విడిపించుకునే రకం కాదు, వదిలితే మళ్లీ కత్తి పట్టేవాళ్లు. వాళ్లలో గెరార్డ్ ఒక్కడు మిగిలాడు! కోటలను లొంగదీయడానికి పనికొస్తాడని ఉంచుకున్నారు. కాలిబంట్లను బానిసలుగా అమ్మితే దమస్కు సంతలో ధర పడిపోయింది, ఒక బందీని జత చెప్పులకు మార్చుకున్నాడొకడని కూడా రాశారు.

ఇక మీ ప్రశ్నలోని మూడు నెలలు. మర్నాడే ఎషీవా కోట అప్పగించి క్షేమంగా వెళ్లిపోయింది. వారం తిరక్కుండా అక్కో. జులై ఆఖరుకు సీదోను, ఆగస్టు మొదట్లో బేరూతు, సెప్టెంబరులో అష్కెలోను. చాలాచోట్ల యుద్ధమే లేదు, బేరమే. ప్రాణాలు, సామాను తీసుకుని పొమ్మంటే పోయారు. యెరూషలేములో రక్షణకు దిగిన ఇబెలిన్ బేలియన్‌కు నైట్లు ఎంత కరువయ్యారంటే, ఊళ్లో కుర్రాళ్లకు, వర్తకుల కొడుకులకు అప్పటికప్పుడు నైట్ పట్టం కట్టాల్సి వచ్చింది. సెప్టెంబరు 20న మొదలైన ముట్టడి అక్టోబరు 2న లొంగుబాటుతో ముగిసింది. మగవాడికి 10 దీనార్లు, ఆడమనిషికి 5 కట్టి బయటకు పోవచ్చు. పేదల కోసం 30,000 దీనార్లు టోకున కట్టారు, అయినా వేలమంది కట్టలేక బానిసలయ్యారు. 1099లో జరిగిన దానితో పోలిస్తే ఇది ఎంతో మెరుగు. అలాగని మొత్తం దయ అని కథ అల్లడం సరికాదు.

దొరకనిది తూరు. సముద్రంలోకి చొచ్చుకుపోయిన ఊరు, ఒక్క పక్కే నేల. కాన్రాడ్ ద మోంట్‌ఫెరాట్ అనే ఇటలీ దొర సరిగ్గా జులైలో ఓడ దిగి దాన్ని పట్టుకు నిలబడ్డాడు. మిగతా పట్టణాల నుంచి సలాదీన్ వదిలిపెట్టినవాళ్లంతా అక్కడే చేరారు. ఇది సలాదీన్ తప్పని ఇబ్న్ అల్‌అథీర్ మొహమాటం లేకుండా రాశాడు. నాకు మాత్రం, అంత తొందరగా ఊళ్లు లొంగాలంటే వదిలిపెడతానని చెప్పక తప్పేది కాదనిపిస్తుంది. మాట తప్పితే తర్వాతి కోట తలుపు తీయదు.

హట్టిన్‌లో ఏది తప్పిందో తెలియాలంటే నాలుగేళ్ల తర్వాతి అర్సూఫ్ చూడాలి. 1191లో ఐరోపా నుంచి కొత్త సైన్యంతో వచ్చి అక్కోను తిరిగి పట్టుకుని, 2,700 మంది దాకా బందీలను నరికించిన ఇంగ్లండ్ రాజు రిచర్డ్, ఆగస్టు చివర యొప్పేకు బయల్దేరాడు. అదే ఎండ, అవే బాణాలు, అదే సలాదీన్. కానీ రిచర్డ్ సముద్రపు ఒడ్డు వదల్లేదు. కుడిపక్క ఓడలు తిండి, సామాను మోస్తూ వెంట వచ్చాయి. ఎడమపక్క కాలిబంట్లు గోడ కట్టారు. సగం మంది గోడ కాస్తుంటే మిగతా సగం సముద్రం వైపు అలుపు తీర్చుకునేవారు. ఒక్కొక్కడి వీపున పదేసి బాణాలు గుచ్చుకుని ఉన్నా వరస తప్పకుండా నడుస్తున్నారని సలాదీన్ కొలువులోని బహాఉద్దీన్ ఆశ్చర్యపోయి రాశాడు. సెప్టెంబరు 7న అర్సూఫ్ దగ్గర నైట్ల దూకుడు సరిగ్గా తగిలింది.

అదే రిచర్డ్ యెరూషలేముకు ఇరవై కిలోమీటర్ల దాకా రెండుసార్లు వెళ్లి రెండుసార్లూ వెనక్కి తిరిగాడు. సలాదీన్ చుట్టుపక్కల బావులు పూడ్పించాడు, నీళ్లు పాడు చేయించాడు. అంతకంటే ముఖ్యంగా స్థానిక టెంప్లర్లు, హాస్పిటలర్లు ఒక మాట చెప్పారు. పట్టుకోవచ్చు, కానీ మొక్కు తీర్చుకుని మీరంతా ఇంటికి పోతే కాపలా ఎవరుంటారు? మళ్లీ అదే లెక్క, మనుషుల లెక్క. 1192 సెప్టెంబరులో మూడేళ్ల ఎనిమిది నెలలకు సంధి రాసుకున్నారు. మర్నాటి ఏడు మార్చిలో సలాదీన్ దమస్కులో పోయాడు.

ఇక మతం సంగతి. మతం లేకపోతే వేలమంది ఫ్రాన్సు నుంచి పొలాలు తాకట్టు పెట్టి ఎందుకొస్తారు? సలాదీన్ మోసుల్ వాళ్లను, ఈజిప్టు వాళ్లను ఒక జెండా కింద ఎలా నిలబెడతాడు? కాబట్టి మతం ఉత్త సాకు అనేవాళ్లతో నేను ఏకీభవించను. కానీ రోజువారీ ఎవరు ఎవరి పక్కన నిలబడ్డారో మతం ఒక్కటే తేల్చలేదు. 1108లో అంతియొకయ తాంక్రెడ్ హలబ్ సుల్తానుతో కలిసి, ఎదెస్సా బాల్డ్విన్, అతని తురుష్క మిత్రుడి మీద యుద్ధం చేశాడు. రెండు పక్కలా రెండు మతాలవాళ్లూ ఉన్నారు. 1140లో జెంగీ భయానికి దమస్కు వాళ్లు యెరూషలేము రాజుతో చేయి కలిపారు. 1229లో జర్మన్ చక్రవర్తి రెండో ఫ్రెడరిక్ ఈజిప్టు సుల్తాను అల్‌కామిల్‌తో మాట్లాడుకుని యెరూషలేమును కాగితం మీదే పుచ్చుకున్నాడు, ఇద్దరినీ సొంతవాళ్లే తిట్టారు. 1244లో లా ఫోర్బీ దగ్గర ఫ్రాంకులు దమస్కు సైన్యం పక్కన నిలబడి ఈజిప్టు సైన్యంతో పోరాడి హట్టిన్ అంత ఘోరంగా ఓడారు. ఈ ముడులన్నీ విప్పకుండా అటు వీళ్లు, ఇటు వాళ్లు అని గీత గీస్తే రేమండ్ చేసిన సంధి ద్రోహంలా కనబడుతుంది. ఆ నేల మీద అది అప్పటికి ఎనభై ఏళ్లుగా అందరూ చేస్తున్న పనే.

వాళ్లకు మిగిలిన ఆఖరి పెద్ద ఊరు అక్కో 1291 మే 18న, అప్పుడు ఈజిప్టును ఏలుతున్న మమ్లూకుల చేతిలో పోయింది. అప్పుడు కూడా విడిపించడానికి వచ్చే సైన్యం లేదు.

మన తెలుగు రాష్ట్రాల నుంచి ఏటా చాలామంది యెరూషలేము యాత్రకు వెళ్తుంటారు. నేనూ అలాంటి ఒక బృందంతోనే వెళ్లాను. నజరేతు, కానా చూపించి బస్సును తిబెరియకు తీసుకుపోయే దారి దాదాపు గై సైన్యం నడిచిన దారే. ఏసీ బస్సులో అరగంట. మా గైడు ఆ కొండ పేరు కూడా ఎత్తలేదు, అందరూ సరస్సు మీద పడవ ప్రయాణం గురించి మాట్లాడుకుంటున్నారు. మీరు వెళ్తే బస్సులో ఎడమ పక్క కిటికీ దగ్గర కూర్చోండి. సరస్సు కనబడటానికి కాస్త ముందు రెండు కొనల బోడి కొండ ఒకటి వస్తుంది.